ఆ మాటలు ఆమెవి కావు

చనిపోయిన పన్నెండో రోజున ఆ అమ్మాయి మా నరసరావుపేటలో ఒక కల్యాణ మండపంలో, నిండా జనం ముందు, రెండు చేతులూ జోడించి మాట్లాడింది.

"అందరికీ నా హృదయపూర్వక నమస్కారాలు. నేను ఈ స్థాయికి ఎదగడానికి కారణమైన పెద్దలకు ఎల్లవేళలా రుణపడి ఉంటాను" అంది. వేదిక మీద నిలబెట్టిన పెద్ద తెరలో ఆమె ముఖమే, ఆమె గొంతే. ముందు వరసల్లో ఆడవాళ్లు కళ్లు తుడుచుకున్నారు. నా పక్కన కూర్చున్నాయన ఫోన్ తీసి రికార్డు చేసుకున్నాడు. నాకు మాత్రం కూర్చున్న కుర్చీ ఎత్తి ఆ తెర మీదికి విసిరెయ్యాలనిపించింది. విసరలేదు. అది కంప్యూటర్ చేత మాట్లాడించిన బొమ్మ. ఆ బొమ్మ చెయ్యడానికి కావలసిన ముఖాన్నీ గొంతునూ పెన్‌డ్రైవ్‌లో వేసి వాళ్ల చేతిలో పెట్టింది నేనే.

ఆ రోజు నుంచి నాకు కోపం తగ్గడం లేదు. వాళ్ల మీద కొంత, ఊరి మీద కొంత. నా మీద ఎంతో నాకే తెలియదు.

నాది ఫోటో స్టూడియో. పెళ్లిళ్లు, ఓణీల ఫంక్షన్లు, గృహప్రవేశాలు వీడియో తీసి, పాటలు కలిపి ఇస్తాను. ఆ అమ్మాయి మా వీధి చివర మోటారు వైండింగ్ చేసే సాయిబుగారి కూతురు. తల్లి చిన్నప్పుడే పోయింది. విశాఖపట్నంలో బొమ్మల చదువు చదివి తిరిగొచ్చాక, ఒకరోజు భుజాన గోనెసంచితో నా షాపులోకి వచ్చింది. సంచిలోంచి కెమెరా స్టాండు కాళ్లు బయటికి పొడుచుకొచ్చి ఉన్నాయి.

"బాబాయ్, నీ కంప్యూటర్ రోజుకు రెండు గంటలు నాకియ్యి. నీ పెళ్లి వీడియోల్లో పేర్లేసే పని నేను చేసి పెడతా. నువ్వు 'శుభలేఖ'లో కూడా తప్పులు ఏస్తన్నావు" అంది.

అడగడం కాదు అది. అప్పటికే కుర్చీ లాక్కుని కూర్చుంది.

ఆమె చేసే పనికి మా ఊళ్లో పేరు లేదు. బొమ్మలు గీసేది కాదు, సినిమాలు తీసేది కాదు. తానే ఎక్కడో ఒకచోట నలుగురి మధ్య నిలబడి ఏదో ఒకటి చేసేది. దాన్ని వీడియో తీసి, ముక్కలు కలిపి, దూరపు నగరాల్లో పెద్ద గదుల్లో గోడల మీద చూపించేది. మిషన్లు మనిషిని ఎట్లా గుర్తుపడతాయి, ఎవర్ని గుర్తుపట్టవు, గుర్తుపట్టనప్పుడు ఆ మనిషి ఏమవుతాడు అన్నదే ఆమె గొడవంతా. "ఏం పని చేస్తావమ్మా?" అని ఎవరైనా అడిగితే, "కనపడతానండీ. అదే నా పని" అనేది. అడిగినవాళ్లు నవ్వేవాళ్లు. ఆమె నవ్వేది కాదు.

ప్రతి షాటుకూ ముందు ముఖం కడుక్కునేది. షాపు వెనక కుళాయి దగ్గరికి వెళ్లి, సబ్బు లేకుండా, చన్నీళ్లతో. తుడుచుకోకుండానే వచ్చి కెమెరా ముందు నిలబడేది. "కడుక్కోకపోతే నిన్నటి మొగమే వస్తది బాబాయ్" అనేది. ఆ మాటకు అర్థమేమిటో నేను అడగలేదు, ఆమె చెప్పలేదు.

మా మొదటి పోట్లాట మొటిమ దగ్గర. మా వీడియోల్లో పెళ్లికూతురి ముఖం నున్నగా, తెల్లగా చేసే మీట ఒకటుంది. అలవాటుకొద్దీ ఆమె వీడియో మీద కూడా దాన్ని నొక్కాను, బాగుంటుందని. ఆమె వచ్చి చూసింది.

"నా మొటిమ యాడికి పోయింది బాబాయ్?"

"తీసేశానమ్మా. చూడు, ఎంత బాగున్నావో."

"బాగుంది ఎవరు? అది నేను కాదుగా. నువ్వు పేటలో పెళ్లికూతుళ్లందరికీ ఒకే మొగం అతికిచ్చి పంపిస్తన్నావు. రేపు వాళ్ల మొగుళ్లు వాళ్లను ఎట్టా గుర్తుపడతారు?"

నవ్వు వచ్చింది నాకు. ఆమె కళ్లు చూసి ఆపుకున్నాను. మొటిమ మళ్లీ తెచ్చిపెట్టేదాకా ఆమె లేవలేదు.

కోపం ఆమెకు అన్నం లాంటిది. ఎప్పుడైనా నేను "ఎందుకమ్మా ఊరికే అంత కోపం?" అంటే, "కోపం రాకపోతే షుగర్ పరీక్ష చేయించుకో బాబాయ్, నరాలు మొద్దుబారుతున్నాయేమో" అనేది. మిరపకాయ బజ్జీ ఊదుకోకుండా నోట్లో వేసుకుని, కళ్లవెంట నీళ్లు కారుతుంటే అట్లాగే పోట్లాడేది.

ఆమె నాన్నకు వేలిముద్రలు పడవు. నలభై ఏళ్లు రాగి తీగ చుట్టిన వేళ్లు. కాలిన బోరు మోటార్ల లోపల చేతులు పెట్టి, వార్నిష్‌లో ముంచి ముంచి, బొటనవేలి మీద గీతలు పోయాయి. బియ్యం ఇచ్చేచోట మిషన్ మీద వేలు పెడితే లోపలినుంచి ఒక ఆడగొంతు "దయచేసి మళ్లీ ప్రయత్నించండి" అనేది. ఆయన తుడుచుకుని మళ్లీ పెట్టేవాడు. పంచెకు రుద్ది మళ్లీ. వెనక వరసలో జనం విసుక్కునేవాళ్లు. ఆయన ఎవరినీ ఏమీ అనకుండా ఖాళీ సంచి మడిచి చంకలో పెట్టుకుని వచ్చేసేవాడు. ఒకరోజు కూతురు వెంట ఉంది. ఆయన మడిచిన సంచిని చూసింది.

మరుసటి వారం బస్టాండు బయట ఎండలో కుర్చీ, బల్ల వేసుకుని కూర్చుంది. బల్ల మీద అట్టపెట్టెతో చేసిన మిషన్. దారినపోయే వాళ్లను పిలిచి, బొటనవేలు ఆ అట్ట మీద పెట్టించి, ఆ ఆడగొంతు మాదిరిగానే చెప్పేది: "మీరు మీరు కాదు. దయచేసి మళ్లీ ప్రయత్నించండి." కెమెరా దగ్గర నేనున్నాను.

మొదట అందరూ నవ్వారు. కాలేజీ పిల్లలు ఒకరినొకరు తోసుకుంటూ వచ్చి వేళ్లు పెట్టారు. తర్వాత బెల్లంకొండ బస్సు దిగిన ఒక ముసలాయన వచ్చాడు. వేలు పెట్టాడు. "మీరు మీరు కాదు" అంది. మళ్లీ పెట్టాడు. మళ్లీ అదే. ఆయనకు అది ఆట అని తెలియలేదు.

"ఏందమ్మే, నేను నేను కాదంటావు? ఈ కండువా ఎవరిది? ఈ మొగం ఎవరిది? సచ్చినోళ్లలో రాశారా ఏంది నన్ను?" అంటూ బల్ల పట్టుకుని ఊపాడు. ఆమె లేచి నిలబడి ఆయన రెండు చేతులూ పట్టుకుంది. "నువ్వు నువ్వే తాతా. నువ్వు నువ్వే. ఈ మాటే పైవాళ్లను అడగమనే నేను ఇక్కడ కూర్చుంది" అంది.

అప్పుడే ఒక కానిస్టేబుల్ వచ్చాడు. "ఏంది ఈ గోల?" అన్నాడు. ఆమె ఆయన వేలు కూడా అడిగింది. ఏమనుకున్నాడో పెట్టాడు. "మీరు మీరు కాదు సార్" అంది. ఆయన కాసేపు ఆ అట్టపెట్టె వైపు చూసి, "మా అమ్మకు పింఛను కాడ ఇదే గోల" అని, కుర్చీ కొంచెం నీడలోకి జరిపి వెళ్లిపోయాడు.

ఇదంతా చెబితే నేను ఆమెకు అండగా నిలబడినవాడిని అనిపిస్తుంది. ఆ మాట నిజం కాదు. నేనేమిటో ఇప్పుడు చెప్పాలి.

మాచర్ల రోడ్డులో ఒక ఊరుంది. ఆ ఊరికి సర్పంచి ఒకావిడ. పేరుకే ఆవిడ, సంతకాలు, పంచాయితీలు, కుర్చీ, జీపు అన్నీ ఆవిడ భర్తవి. ఫ్లెక్సీల్లో ఆయన ముఖం బండి చక్రమంత, ఆవిడది బిళ్లంత. ఆయన మా పేటలో కూడా ఇల్లు కట్టుకుని, ఇక్కడి రాజకీయాల్లో తిరుగుతుంటాడు. ఈ అమ్మాయి ఆవిడను ఎట్లా ఒప్పించిందో, వాళ్ల పెరట్లో కెమెరా ముందు నిలబెట్టింది. చెప్పించింది రెండే మాటలు: తన పేరు, తాను ఆ ఊరి సర్పంచినని.

ఆవిడకు నోరు తిరగలేదు. మొదట "ఫలానా ఆయన భార్యనండీ" అంది. తర్వాత పేరు చెప్పి ఆగిపోయింది. తర్వాత "సర్పంచి గారి..." అని నాలిక కరుచుకుంది. చివరికి గుక్క తిప్పుకోకుండా రెండూ చెప్పేసి, కొంగు నోటికి అడ్డం పెట్టుకుని చిన్నపిల్లలా నవ్వింది. "ఇంకోసారి చెప్తా అమ్మాయ్, ఈసారి బాగా చెప్తా" అని తనంతట తానే మూడుసార్లు చెప్పింది. అన్నేళ్లు పెళ్లి వీడియోలు తీశాను గానీ, ఒక ఆడమనిషి ముఖంలో అంత వెలుగు నేను చూడలేదు.

రెండు రోజులకు ఆ భర్త మనుషులు ముగ్గురు నా షాపుకు వచ్చారు. గొడవేమీ చేయలేదు. ఒకడు గోడ మీది ఫోటోలు చూస్తూ నిలబడ్డాడు. ఇంకొకడు, "అన్నా, ఆ వీడియో మా ఇంటి ఆడోళ్లది. నువ్వే తీసెయ్యి, మేం చూస్తాం" అన్నాడు. ఆ అమ్మాయి ఆ సమయానికి ఊళ్లో లేదు. ఆమె దగ్గర వేరే నకలు లేదని నాకు తెలుసు. వాళ్లు చూస్తుండగానే తీసేశాను. అది తలుచుకుంటే ఇప్పటికీ ఒళ్లు మండుతుంది.

ఆమె తిరిగొచ్చాక చెప్పాను. తిడుతుందనుకున్నాను. తిట్టలేదు. గోనెసంచిలోంచి స్టాండు తీసి, కెమెరా నా ఎదురుగా పెట్టింది.

"ఏం చేశావో చెప్పు బాబాయ్. రికార్డు చేసుకుంటా."

నోరు తెరిచాను. మాట రాలేదు. పైన ఫ్యాను తిరుగుతోంది. మధ్యలో ఎవరో పాస్‌పోర్టు ఫోటోకు వచ్చి, మమ్మల్ని చూసి వెనక్కి పోయారు. నేను బల్ల మీది కత్తెర అటూ ఇటూ జరిపాను. చెమట తుడుచుకున్నాను. ఆమె కెమెరా వెనక కదలకుండా నిలబడింది. ఎంతసేపో. చివరికి మీట నొక్కి, "చాలు బాబాయ్. మాట రాకపోయినా అబద్ధమన్నా ఆడలా" అంది.

దాన్ని ఏ నగరంలోనో గోడంత తెర మీద వేసింది. ముక్కలు కొయ్యకుండా, పాట పెట్టకుండా. ఎవరెవరో చూశారట, మెచ్చుకున్నారట. నాకు చెప్పే వేసింది. "వద్దంటే వెయ్యను" అంది. వద్దనడానికి నాకు ముఖం లేదు. ఆ తర్వాత కూడా రోజూ షాపుకు వచ్చింది, పెళ్లి వీడియోల్లో నా తప్పులు దిద్దింది. మళ్లీ ఆ మాట ఎత్తలేదు.

పేటలో తన వీడియోలన్నీ ఒక్కరోజు చూపించాలని ఆమెకు ఉండేది. "యాడ్నో చూపిస్తే ఏం లాభం? నేను తీసిన మొగాలన్నీ ఇక్కడియి" అనేది. హాలు కోసం తిరిగింది. ఆ భర్త, అదే నాయకుడు, "ఊరి పరువు తీసే పిల్లకు హాలు ఇస్తే ఊరుకోం" అని కబురు పంపాడు. ఎవరూ ఇవ్వలేదు. ఆమె నాన్న షెడ్డులో కాలిన మోటార్లు పక్కకు జరిపి, గోడకు దుప్పటి కట్టి చూపించింది. వచ్చింది తొమ్మిది మంది. బస్టాండులో కుర్చీ జరిపిన కానిస్టేబుల్ వాళ్లమ్మను వెంటబెట్టుకుని వచ్చాడు. ఆ రోజు ఆమె సంతోషం చూడాలి. అందరికీ చాయ్ తనే పోసింది.

ముప్పై నాలుగేళ్లకు జ్వరం వచ్చి పోయింది. నాలుగు రోజులు మామూలు జ్వరమే అనుకుంది. అయిదో రోజు పడిపోయింది. గుంటూరు తీసుకెళ్లాం. ఏడో రోజు ఆమెను తీసుకొచ్చాం. అంతకుమించి చెప్పడానికి ఏమీ లేదు, చెప్పలేను కూడా.

పోయాక ఆమె గురించి పేపర్లో పెద్దగా వచ్చింది. దూరపు ఊళ్లవాళ్లు ఫోన్లు చేశారు. అప్పుడు తెలిసింది మావాళ్లకు, మన మధ్య ఒక గొప్ప మనిషి తిరిగిందని. ఆ నాయకుడికే ముందు తెలిసింది. ఆయన సోషల్ మీడియా పనులు చూసే మనిషి నా షాపుకు వచ్చి, "మా సార్ సంతాప సభ పెడుతున్నారన్నా. అమ్మాయి వీడియోలు ఉంటే ఇవ్వు, సభలో ఏద్దాం" అన్నాడు. నాకు కళ్లు చెమ్మగిల్లాయి. పోనీలే, బతికుండగా ఇవ్వని హాలు ఇప్పుడన్నా ఇస్తున్నారు అనుకున్నాను. ఆమె ముఖం దగ్గరగా ఉన్నవి, గొంతు స్పష్టంగా ఉన్నవి ఏరి మరీ ఇచ్చాను. వాళ్ల నాన్నను ఒక్క మాట అడగాలని తోచలేదు నాకు.

సభలో వాళ్ల నాన్న ముందు వరసలో, నాకు రెండో పక్కన కూర్చున్నాడు. తెర మీద కూతురు కనపడగానే ముందుకు వంగాడు. ఆ బొమ్మ ముఖం మీద మొటిమ లేదు, మచ్చ లేదు. వార్తలు చదివే మనిషిలా మాట్లాడుతోంది. పెద్దలకు రుణపడి ఉంటానంది, నాయకుడి పేరు రెండుసార్లు చెప్పింది. చివర్లో, "నాన్నగారూ, మీరు ధైర్యంగా ఉండండి" అంది.

ఆయన నా వైపు తిరిగాడు.

"ఎవర్ని పిలుస్తంది తమ్ముడూ?"

ఆయన మళ్లీ తెర వైపు చూశాడు.

"నన్ను 'అబ్బా' అనేది గదా. ఈ నాన్నగారు ఎవరు?"

చప్పట్లు మొదలయ్యాయి. ఆయన చేయి పట్టుకుని బయటికి తీసుకొచ్చాను.

అంతటితో అయిపోయిందనుకుంటే, ఇంకో వారానికి ఆ బొమ్మ ఫోన్లలోకి వచ్చింది. ఈసారి ఆ నాయకుడు నిలబెట్టినవాళ్లకు ఓటెయ్యమని అడుగుతోంది. పంచాయతీ ఎన్నికలు దగ్గరకొస్తున్నాయి కదా. "మన పల్నాడు ఆడబిడ్డగా మిమ్మల్ని కోరుతున్నాను" అంటూ చేతులు జోడిస్తోంది. కింద పువ్వులు, దండాలు, ఏడుపు బొమ్మలు. మా పేటాయన ఒకడైతే "తప్పకుండా తల్లీ" అని రాశాడు. ఎవరికి చెబుతున్నావురా ఒరేయ్ ఆ మాట? బస్టాండులో ఎండలో కూర్చున్నప్పుడు ఆమెను "పనీపాటా లేదా" అన్నది నువ్వు కాదూ?

ఆ ఫోన్ పట్టుకుని ఆమె నాన్న దగ్గరికి వెళ్లాను. పెన్‌డ్రైవ్ సంగతి మొత్తం చెప్పాను. ఆయన విన్నాడు. చుడుతున్న తీగ పక్కన పెట్టి, చేతులు కడుక్కుని, తెల్ల చొక్కా తొడుక్కున్నాడు. "పద" అన్నాడు.

నాయకుడు ఇంట్లోనే ఉన్నాడు. చుట్టూ పదిమంది. ముసలాయన్ని చూసి లేచి నిలబడ్డాడు.

"రా చాచా, కూర్చో. అమ్మాయంటే మాకు చానా అభిమానం."

"అభిమానం ఉంటే ఆ బొమ్మ తీసెయ్యండయ్యా" అన్నాడు ఆయన, కూర్చోకుండానే.

"అందులో తప్పేముంది చాచా? పిల్లను మళ్లీ చూసినట్టుందని జనం ఏడస్తన్నారు. గొప్పగానే చూపిచ్చాం గదా."

"అయ్యా, నా బిడ్డ సచ్చిపోయింది. నా చేతుల్తో నేనే మట్టేసి వచ్చా. సచ్చినోళ్ల చేత పని చేయించబాకండి."

నాయకుడి చూపు నా మీద పడింది.

"వీడియోలు ఇచ్చింది నువ్వే గదా? నువ్వే ఇచ్చి, నువ్వే ఈయన్ని ఎంటబెట్టుకొచ్చావా?"

"నేనే ఇచ్చా" అన్నాను. నా గొంతు నాకే కొత్తగా వినపడింది. "ఇంతకుముందు మీ కోసం ఒకటి తీసేశా. మొన్న మీ కోసం ఒకటి ఇచ్చా. రెండూ తప్పే. మీరు తియ్యకపోతే, ఇది దొంగ బొమ్మని, ఎట్టా చేశారో, ఎవరు చేయించారో నా షాపు ముందు తెర కట్టి చూపిస్తా. తర్వాత మీ ఇష్టం."

ఒకడు నా వైపు రెండడుగులు వేశాడు. అప్పుడు వంటింటి గుమ్మంలోంచి ఆ ఇంటావిడ, సర్పంచి, మాట్లాడింది. నా వైపు చూడలేదు.

"సచ్చిపోయిన పిల్ల ఉసురు మనకెందుకండీ? తీసెయ్యమనండి."

నాయకుడు కాసేపు మీసం దువ్వుకుని, ఫోన్ తీసి ఎవరితోనో "తీసెయ్యండ్రా" అన్నాడు. మాకు చాయ్ తెమ్మన్నాడు. ముసలాయన అప్పటికే మెట్లు దిగుతున్నాడు.

వాళ్ల పేజీలోంచి తీసేశారు, నిజమే. కానీ అప్పటికే అది ఊరూరా పాకింది. గురజాలలో ఎవరి గ్రూపులోనో, నాదెండ్లలో ఎవరి స్టేటస్‌లోనో మళ్లీ కనపడుతుంది. ఎవరైనా నాకు పంపితే, అది వాళ్లకు ఎక్కడినుంచి వచ్చిందో అడిగి, ఆ నంబరుకు ఫోన్ చేస్తాను. తీసెయ్యమంటాను. కొందరు క్షమించమంటారు. కొందరు "నీకేంది నొప్పి? ఏమవుద్ది నీకు?" అంటారు. కొందరిని నేను కూడా తిడతాను. షాపు తెరిచి దుమ్ము దులిపాక మొదట చేసే పని ఇప్పుడు ఇదే.

ఇవ్వాళ పొద్దున సత్తెనపల్లి నుంచి ఒకావిడ ఫోన్ ఎత్తింది. ఊరి గ్రూపులో ఆ వీడియో పెట్టిందావిడే. కోపంగానే మొదలుపెట్టాను. ఆవిడ బెదిరిపోయి, "నాకు తెలవదండీ. ఆ అమ్మాయి ఎవరో కూడా తెలవదు. పద్ధతిగా మాట్లాడిందని పంపా" అంది.

"ఆమె అట్టా మాట్లాడదమ్మా" అన్నాను.

"మరి ఎట్టా మాట్లాడేదండీ?"

ఇన్ని ఫోన్లలో ఆ మాట అడిగింది ఆవిడొక్కతే. ఎదురుగా ఆల్బమ్ కోసం వచ్చిన పెళ్లివాళ్లు నిలబడి ఉన్నారు. వాళ్లను ఆగమని చేత్తో సైగ చేసి, కుర్చీ లాక్కుని కూర్చుని, చెప్పడం మొదలుపెట్టాను.